కావలివాడి ఆట

పాలమూరు, నల్లగొండ పల్లెల్లో సంక్రాంతికి కబడ్డీ పోటీలు జరిగినప్పుడు, చీకటి పడ్డాక అరుగుల మీద కూర్చున్నవాళ్ల నోట ఎవరి పేరు వినబడుతుందో గమనించండి. కూతకు వెళ్లి ముగ్గురిని ముట్టి గీత దాటి వచ్చినవాడి పేరే వినబడుతుంది. మూలన నిలబడి, సమయం చూసి వాడి చీలమండ పట్టి నేలకు ఈడ్చినవాడి పేరు ఎవరికీ గుర్తుండదు. మోకాళ్ల మీద చర్మం పోయేది మాత్రం ఈ రెండోవాడికే.

దేవుని వాక్యంలో లెక్క వేరు. నెహెమ్యా యెరూషలేము గోడ కట్టించినప్పుడు ఎవరెవరు ఏ భాగం దగ్గర నిలబడ్డారో పేర్లతో సహా ఒక అధ్యాయం నిండా రాసి పెట్టారు. యెహెజ్కేలును దేవుడు పిలిచింది కావలివాడిగానే. గొల్యాతు మీదికి వెళ్లడానికి చాలాముందే దావీదు చూసేవారెవరూ లేని అడవిలో సింహం నోటి నుంచి, ఎలుగుబంటి నోటి నుంచి గొర్రెపిల్లలను కాపాడాడు. మన ప్రసంగాల్లో గొల్యాతు కథకు దొరికినంత చోటు ఆ గొర్రెపిల్లలకు దొరకదు. అందుకే ఈ వారం కాపాడేవాడి గురించి, ఆటలో వాడి బతుకు ఎలా నడుస్తుంది, ఆట అయ్యాక ఏమవుతుంది అన్నదాని గురించి మాట్లాడుకుందాం. మేము ఎంచుకున్న మనిషి మన ఆట ఆడినవాడు కాదు. అయినా మన సంఘాలకు ఆయనతో చాలా పని ఉంది.

అమెరికన్లు ఫుట్‌బాల్ అని పిలుచుకునే ఆటలో కాలికి పని తక్కువ. కోడిగుడ్డు ఆకారంలో ఉండే బంతిని చేత్తో విసురుతూ, చంకలో పెట్టుకుని పరిగెడుతూ అవతలి గీత దాటాలి. పది గజాలు ముందుకు పోవడానికి నాలుగు అవకాశాలుంటాయి. దాడి చేసే పదకొండుమంది వేరు, అడ్డుకునే పదకొండుమంది వేరు. అంటే అడ్డుకునేవాడు ఏళ్ల తరబడి ఆడినా బంతి వాడి చేతికి తగిలేది ఎప్పుడో ఒకసారి. వాడి పని ఎదుటి వరుసను ఛేదించుకుని వెళ్లి, బంతి విసరబోయే క్వార్టర్‌బ్యాక్‌ను విసరకముందే పట్టి పడగొట్టడం. దాన్ని వాళ్లు ‘శాక్’ అంటారు, మన కబడ్డీ భాషలో పట్టు అనుకోవచ్చు. విచిత్రమేమిటంటే, 1982 వరకు అక్కడి జాతీయ లీగు ఈ పట్లను ఒక్కో ఆటగాడి పేరున అధికారికంగా లెక్కే పెట్టలేదు. మన అరుగుల మీద సంగతే అక్కడా!

ఆ లెక్క మొదలయ్యాక దానికి శిఖరంలా నిలిచినవాడు రెజ్జీ వైట్. 1961 డిసెంబరు 19న టెన్నెసీ రాష్ట్రంలోని చట్టనూగాలో పుట్టాడు. తల్లి, అమ్మమ్మల చేతుల్లో పెరిగిన నల్లజాతి కుర్రాడు. పదిహేడేళ్లకే బాప్టిస్టు సంఘంలో బోధకుడిగా అభిషేకం పొందాడు. ఆరడుగుల ఐదంగుళాల ఎత్తు, నూటముప్పై కిలోలకు పైబడిన బరువు, దానికి చిరుతలాంటి పరుగు. టెన్నెసీ విశ్వవిద్యాలయం జట్టులో 1983లో ఒక్క సీజన్‌లోనే 15 పట్లు పట్టాడు. తర్వాత రెండేళ్లు మెంఫిస్ జట్టు. 1985లో ఫిలడెల్ఫియా ఈగిల్స్‌లో చేరి ఎనిమిది సీజన్లలో 121 ఆటలు ఆడితే 124 పట్లు. ఆడిన ఆటల కన్నా పట్టిన పట్లు ఎక్కువన్నమాట. ఇంగ్లిషులో మినిస్టర్ అంటే మంత్రి, బోధకుడు రెండర్థాలూ ఉన్నాయి కదా, అభిమానులు ఆయన్ని ‘మినిస్టర్ ఆఫ్ డిఫెన్స్’ అని పిలుచుకున్నారు.

ఆయన చేసిన ఒక పని మన బోధకులెవరూ ప్రస్తావించగా మేము వినలేదు. ఆ రోజుల్లో ఒప్పందం గడువు ముగిసినా ఆటగాడు తనకు నచ్చిన జట్టుకు వెళ్లే స్వేచ్ఛ దాదాపు లేదు. యజమానుల మాటే చెల్లేది. దాని మీద ఆటగాళ్లు వేసిన వ్యాజ్యానికి వైట్ తన పేరు ఇచ్చాడు. జీతం ఇచ్చేవాళ్ల మీద కోర్టు కాగితాల్లో మొదటి పేరుగా నిలబడటమంటే చిన్న సంగతి కాదు. 1993లో కుదిరిన ఒప్పందంతో ఆ తలుపు తెరుచుకుంది. తర్వాతి తరాల ఆటగాళ్లందరూ ఆ తలుపులోంచి నడిచినవాళ్లే. దుర్బలుల పక్షాన నిలబడటం గురించి యెషయా చెప్పింది వందసార్లు ప్రసంగించినంత పని అది.

ఎక్కడికి వెళ్లాలో దేవుడే చెబుతాడని అప్పుడు ఆయన అన్నాడు. గ్రీన్ బే జట్టు శిక్షకుడు మైక్ హోమ్‌గ్రెన్ ఆయన ఫోన్‌లో, ‘నేను దేవుణ్ని, గ్రీన్ బేకి రా’ అన్నట్టుగా సందేశం వదిలాడని చెప్పుకుని ఇప్పటికీ నవ్వుకుంటారు. వైట్ అక్కడికే వెళ్లాడు. నాలుగేళ్లకు కోటీ డెబ్బై లక్షల డాలర్లు. దేవుని పిలుపు ఎప్పుడూ పెద్ద జీతం ఉన్నచోటి నుంచే వస్తుందా అని ఎవరైనా అడిగితే తప్పుపట్టలేం. కానీ గ్రీన్ బే అప్పట్లో లక్ష జనాభా కూడా పూర్తిగా లేని, ఎముకలు కొరికే చలి ఊరు. నల్లజాతి ఆటగాళ్లు వెళ్లడానికి జంకే ఊరు. ఆయన వెళ్లాక వాళ్ల జంకు తగ్గింది. 1997 జనవరి 26న న్యూ ఆర్లియన్స్‌లో జరిగిన సూపర్ బౌల్‌లో ఆయన మూడు పట్లు పట్టాడు, గ్రీన్ బే 35-21 తేడాతో గెలిచింది. దానికి సరిగ్గా ఏడాది ముందు, 1996 జనవరిలో, ఆయన సహకాపరిగా ఉన్న నాక్స్‌విల్ చర్చిని దుండగులు తగలబెట్టారు. అమెరికా దక్షిణాది రాష్ట్రాల్లో నల్లజాతి చర్చిలు వరుసగా మంటలకు ఆహుతైన రోజులవి.

ఇంతవరకు చెప్పి ఆపితే ఇది మన మహాసభల్లో వినబడే సాక్ష్యంలాగే ఉంటుంది. చాలామంది ఇక్కడే ఆపుతారు. మాకు ముఖ్యమనిపించేది ఆ తర్వాతి సంగతి.

1998 మార్చిలో విస్కాన్సిన్ శాసనసభలో మాట్లాడమని ఆయన్ని పిలిచారు. ఒక్కో జాతికి దేవుడు ఒక్కో వరమిచ్చాడంటూ, ఆయా జాతుల గురించి జనం వాడే మోటు మాటలే ఆయన వల్లించాడు. స్వలింగ సంపర్కుల గురించీ కటువుగా మాట్లాడాడు. దేశమంతా గగ్గోలైంది. టెలివిజన్‌లో రావలసిన ఉద్యోగం చేజారింది. ఆ మాటలను మేము సమర్థించడం లేదు, మనుషులను మూటకట్టి ఒక్కో మూటకు ఒక్కో గుణం అంటగట్టడం మన ఊళ్లలో ఎంత కీడు చేసిందో మనకు తెలియనిది కాదు. కానీ ఒక ప్రశ్న ఉంది. పట్టులో ఆరితేరినవాణ్ని శాసనసభలో ఉపదేశం చెయ్యమని ఎందుకు పిలిచారు? అప్పటికి 170కి పైగా పట్లు పట్టాడని పిలిచారు. వేదిక ఇచ్చినవాళ్లకు కావలసింది ఆ అంకె, ఆ ఎత్తు, ఆ చొక్కా మీది 92.

ఈ సంగతి అందరికన్నా బాగా గ్రహించినవాడు రెజ్జీ వైటే. 2000లో కరొలైనా జట్టుకు చివరిసారి ఆడి విరమించాక ఆయన బోధించడం మానేశాడు. పాత నిబంధనను దాని మూలభాషలో చదవాలని హీబ్రూ నేర్చుకోవడానికి కూర్చున్నాడు. జీవితమంతా ఇతరులు చెప్పింది విని తిరిగి చెప్పాను తప్ప నేనుగా వెదకలేదన్న బాధ ఆయన్ని పట్టుకుంది. 2004లో ఇచ్చిన ఒక ముఖాముఖిలో ఆయన మనసు విప్పాడు. సంఘాలు తనను పిలిచింది తన దగ్గర జ్ఞానం ఉందని కాదు, తాను ఫుట్‌బాల్ ఆడతాడని మాత్రమేనని, ఒక రకంగా తనను అమ్ముకున్నారని చాలా కటువైన మాట వాడాడు. తానూ కొంతకాలం ఆ మోజులో పడ్డానని, వయసు వచ్చాక వెగటు పుట్టిందని కూడా చెప్పాడు. ఆ డిసెంబరు 26న, ఆదివారం ఉదయం, 43 ఏళ్లకే కన్నుమూశాడు. గుండెకు, ఊపిరితిత్తులకు పాకిన సార్కాయిడోసిస్, నిద్రలో ఊపిరి ఆగే జబ్బు కలిసి ఆయన్ని తీసుకుపోయాయి. అది సునామీ వచ్చిన రోజు. ఆయన వార్తకు మన పత్రికల్లో చోటు దొరికే రోజు కాదు.

మన దగ్గర నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా మహాసభల కాలం. జాతీయ రహదారి పొడవునా గోడల మీద, కరెంటు స్తంభాల మీద పోస్టర్లు. వాక్యం చెప్పే దైవజనుని ఫొటో పక్కన మరో ఫొటో ఉంటుంది. ఒకనాటి సినిమా నటుడో, పాటగాడో, ఆటగాడో. సాక్ష్యం చెబుతారని రాస్తారు. జనం రావడానికి ఏదో ఒకటి కావాలి కదా అంటారు నిర్వాహకులు. నిన్న బాప్తిస్మం పొందినవాణ్ని ఇవాళ వేదిక ఎక్కించి, రేపు వాడి కాలు జారితే ముందుగా రాయి విసిరేదీ మనమే. కొత్తగా విశ్వాసంలోకి వచ్చినవాణ్ని పెద్దగా నిలబెట్టవద్దని పౌలు తిమోతికి రాసింది సంఘపెద్దల గురించే కావచ్చు, కానీ ఆ జాగ్రత్త మైకు పట్టుకునే ప్రతివాడికీ వర్తిస్తుందని మేమనుకుంటాం. ప్రసిద్ధుడు చర్చికి వస్తే వెనక బెంచీలో కూర్చుని వాక్యం వినే హక్కు వాడికి ఇవ్వాలి. అయిదేళ్లు వింటే చెప్పడానికి వాడి దగ్గర తనదంటూ ఏదైనా ఉంటుంది.

మరి ఆటగాడికి, ముఖ్యంగా పేరు రాని కావలివాడికి, ఆట అయ్యాక ఏది దారి? దీనికి మనకు దగ్గరలోనే ఒక మనిషి బతుకు ఉంది. పీటర్ తంగరాజ్ 1935లో క్రిస్మస్‌కు ముందురోజు హైదరాబాద్‌లో పుట్టారు. సైన్యంలో చేరి మద్రాస్ రెజిమెంటల్ సెంటర్ జట్టుకు ఫుట్‌బాల్ ఆడారు. మొదట ఆడింది సెంటర్ ఫార్వర్డ్‌గా, అంటే గోల్ కొట్టే స్థానంలో. అక్కడి నుంచి గోల్ కాపాడే స్థానానికి వచ్చారు. పేరు వచ్చేచోటు విడిచి నింద వచ్చేచోటికి వచ్చినట్టే. గోల్‌కీపర్ పది ఆపినా ఒకటి వదిలితే ఆ ఒక్కటే చెప్పుకుంటారు. 1955లోనూ 1958లోనూ ఆయన జట్టు డ్యూరాండ్ కప్పు గెలిచింది. 1958లో ఆసియాలో ఉత్తమ గోల్‌కీపర్‌గా ఆయనకు గుర్తింపు వచ్చింది. మెల్‌బోర్న్, రోమ్ ఒలింపిక్స్ జట్లలో ఉన్నారు. 1967లో అర్జున అవార్డు అందుకున్నారు.

1962 సెప్టెంబరు 4న జకార్తాలో ఆసియా క్రీడల ఫైనల్. స్టేడియంలో దాదాపు లక్షమంది, అందరూ మనకు వ్యతిరేకంగా అరుస్తున్నవాళ్లే. శిక్షకుడు హైదరాబాదీ, వృత్తిరీత్యా బడిపంతులు అయిన సయ్యద్ అబ్దుల్ రహీం. లోపల క్యాన్సర్ తినేస్తున్నా మైదానం పక్కన నిలబడ్డారు, మరుసటి ఏడాది జూన్‌లో పోయారు. రక్షణ వరుసకు మూలస్తంభమైన జర్నైల్ సింగ్‌కు అంతకుముందు ఆటలో తల పగిలి కుట్లు పడ్డాయి. తలతో బంతిని అడ్డుకునే స్థానంలో ఆయన్ని ఉంచలేక రహీం ముందు వరుసకు పంపారు. దక్షిణ కొరియా మీద ఆ కావలివాడే గోల్ కొట్టాడు. వెనక గోల్ దగ్గర తంగరాజ్ నిలిచారు. మనం 2-1తో గెలిచాం. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో మనకు దక్కిన చివరి స్వర్ణం అదే.

తంగరాజ్ 1971 వరకు కలకత్తా పెద్ద క్లబ్బుల్లో ఆడి, తర్వాత శిక్షకుడయ్యారు. చివరికి బొకారోలో స్థిరపడి 2008 నవంబరులో అక్కడే పోయారు. ఆయన్ని ఇక్కడ తలచుకోవడం ఆయన పేరులో పేతురు ఉన్నందుకు కాదు. గోల్ కొట్టే చోటు నుంచి కాపాడే చోటికి, కాపాడే చోటు నుంచి నేర్పే చోటికి సాగిన ఆ నడక కోసం.

ఈ నడకలో శరీరం చెల్లించే ధర కూడా చెప్పుకోవాలి. అమెరికా ఫుట్‌బాల్‌లో తలకు మళ్లీ మళ్లీ తగిలే దెబ్బలు మెదడును కుళ్లబొడుస్తాయని 2002 తర్వాత వైద్యులు ఒక్కొక్కటిగా బయటపెట్టారు. రక్షణ ఆటగాడు డేవ్ డ్యూర్సన్ 2011లో ప్రాణం తీసుకుంటూ తన మెదడును పరిశోధనకు ఇవ్వమని రాసి పెట్టాడు. మరుసటి ఏడాది అలాంటి మరో ఆటగాడు జూనియర్ సియావు కూడా 43 ఏళ్లకే అలాగే వెళ్లిపోయాడు. ఇద్దరి మెదళ్లలోనూ ఆ జబ్బు కనబడింది. జకార్తా జట్టులోని మన హైదరాబాదీ యూసుఫ్ ఖాన్ చివరి ఏళ్లు పార్కిన్సన్స్‌తో బాధపడి 2006లో కన్నుమూశారు. దేహం దేవుని ఆలయమని సిగరెట్టు, సారా మానమని చెప్పడానికి వాడుకునే మనం, మోకాలు దెబ్బతిని మూలన పడ్డ కబడ్డీ కుర్రాణ్ని ఎముకల వైద్యుడి దగ్గరకు తీసుకెళ్లడానికి కూడా ఆ మాట వాడుకోవాలి. ఫ్లోరైడు నీళ్లతో రెండు తరాల ఎముకలు వంగిపోయిన నల్లగొండ జిల్లాలో నిటారుగా నిలిచిన మోకాలు ఎంత విలువైనదో మనకు ఒకరు చెప్పాలా?

ఇక అసలు సంగతికొస్తాం. ఉమ్మడి నల్లగొండ, మహబూబ్‌నగర్ జిల్లాల్లో పిల్లలకు ఆడే చోటు కరువవుతోంది. కుంట శిఖం ప్లాట్లయింది, బడి వెనక ఖాళీ స్థలం ఆక్రమణ పాలైంది. చాలా ఊళ్లలో మిగిలిన విశాలమైన ఖాళీ జాగా ఏదంటే మిషన్ కాంపౌండే. అబ్రహాం ఫ్రీసెన్ దంపతులు దక్షిణ రష్యా నుంచి 1889లో బయలుదేరి వచ్చి నల్లగొండను తమ కేంద్రం చేసుకున్నారు. 1899లో అమెరికా నుంచి మెన్నోనైట్ బ్రదరన్ మిషనరీలు వచ్చారు. నాగర్‌కర్నూలు, వనపర్తి, దేవరకొండ, జడ్చర్ల వంటి చోట్ల బడులు, ఆసుపత్రులు, హాస్టళ్లు, వాటి చుట్టూ చింతచెట్లు, మైదానాలు వెలిశాయి. ఆయుధం పట్టకూడదన్న నమ్మకం కోసం దేశాలు మారిన సమాజం అది. ఆ మైదానాల్లో హాస్టలు పిల్లలు ఊరి పిల్లలతో కలిసి ఆడుకున్నారని పెద్దవాళ్లు ఇప్పటికీ చెబుతారు. ఇప్పుడు వాటిలో కొన్నిటికి గోడ, గేటు, గేటుకు తాళం. ఇంకొన్నిటి మీద కమిటీల తగాదాలు, కోర్టు వాయిదాలు, ముందుభాగంలో దుకాణాల సముదాయాలు.

ఆటలు లోకసంబంధమైనవని, ఆదివారం ఆడటం పాపమని చెప్పే కాపరులు ఎరిక్ లిడెల్‌ను తప్పక ఉదాహరిస్తారు. 1924 పారిస్ ఒలింపిక్స్‌లో ఆదివారం పరుగెత్తనని వంద మీటర్ల పోటీ వదిలేసిన మనిషి, నాలుగు వందల మీటర్లలో స్వర్ణం గెలిచిన మనిషి. నిజమే. కానీ ఆయన కథ పారిస్‌లో ముగియలేదు. చైనాలో మిషనరీగా ఉండగా జపాన్ సైన్యం ఆయన్ని వైషిన్ నిర్బంధ శిబిరంలో పెట్టింది. అక్కడి పిల్లలు ఆదివారం ఆడుకుంటూ కొట్టుకుంటుంటే, ఆలోచించి ఆలోచించి, ఆదివారమే ఆయన మైదానంలోకి దిగి వాళ్ల ఆటకు రిఫరీగా నిలబడ్డారు. 1945 ఫిబ్రవరిలో ఆ శిబిరంలోనే చనిపోయారు. తన కోసం వదులుకున్న ఆదివారాన్ని పిల్లల కోసం ఇచ్చేశారు. ఈ రెండో సగం చెప్పకుండా మొదటి సగం చెప్పడం లిడెల్‌కు అన్యాయం. శరీర సాధనకు ప్రయోజనం లేదని పౌలు కూడా అనలేదు, కొంత ఉందనే అన్నాడు. ఆ కొంత కోసం పొద్దున్నే ఆరింటికి ఒక ఆరాధన పెడితే పోటీకి వెళ్లే పిల్లవాడు ప్రార్థన మానాల్సిన పనిలేదు, అమ్మతో అబద్ధమాడాల్సిన పనీ లేదు.

మా విన్నపం సంఘపెద్దలకు. వచ్చే మహాసభల పోస్టరు మీద ఆటగాడి ఫొటోకు, ఆయన రానుపోను ఖర్చులకు పెట్టే సొమ్ముతో ఒక కబడ్డీ కోర్టుకు మట్టి పరిచి రెండు ఫ్లడ్‌లైట్లు పెట్టవచ్చు. ఊళ్లో ఒకప్పుడు జిల్లాకు ఆడి, ఇప్పుడు ఆటో నడుపుతున్నవాడో, హైదరాబాద్‌లో మేస్త్రీ పనికి పోయి వస్తున్నవాడో ఎవరో ఒకరు ఉంటారు. మూలన నిలబడి పట్టు పట్టినవాడే అయి ఉంటాడు, అందుకే మనకు పేరు గుర్తుండదు. వాణ్ని వెదికి, వారానికి మూడు సాయంత్రాలు పిల్లలకు నేర్పమని అడగండి, ఎంతో కొంత జీతం ఇవ్వండి. క్రైస్తవుల పిల్లలకే అని గేటు దగ్గర నిలబెట్టి అడగవద్దు. పోలీసు, రైల్వే, సైన్యం ఉద్యోగాల్లో క్రీడాకోటా ఉందని, దానికి ఏ పోటీ సర్టిఫికెట్టు పనికొస్తుందో, ఏది కాదో చదువుకున్న సంఘసభ్యులు ఒక కాగితం మీద రాసి చర్చి గోడకు అంటించండి. కాంపౌండ్ తాళంచెవి ఎవరి దగ్గర ఉందో సంఘంలో అందరికీ తెలుసు.